సుఖమెక్కడ నున్నది?

సుఖమును గోరని ప్రాణి లేదు. సుఖమేదియో యెరిగి కోరువారు మాత్ర మరుదు. పొలము పెరిగిన సుఖమబ్బునని భూస్వామియు, లాభము పెరిగిన సుఖమబ్బునని వర్తకుడును తలంతురు. అవి లభించిన పిమ్మట మనస్సు మరియొక కోరికను ముందిడుకొని కూర్చుండును. దారిద్ర్యము మంచిదని మేము చెప్పము. కూడు, గుడ్డ, నీడ లేనివానికి తృప్తిని బోధించుట పరిహాసము. కాని యవి సమకూడిన పిదప నేమి? అదియే ప్రశ్న.

తైత్తిరీయోపనిషత్తు ఆనందమును కొలువబూనినది. యౌవనము, విద్య, దృఢశరీరము, ధనపూర్ణమైన భూమి యంతయు గలవాని యానందమును ఒక్క మానుషానందముగా నెంచినది. అటుపై నూరింతలుగా పెరుగుచు బోవు దివ్యానందములను వర్ణించి, కామముచే కొట్టబడని శ్రోత్రియునకు అవి యన్నియు గలవన్నది. సంపదను నిందింపలేదు, దానిని మొదటి మెట్టుగా మాత్రమే చూపినది.

ఇందుకు ఓరుగల్లు మట్టెవాడయే సాక్ష్యము. ఆ పేటలో భోగేశ్వరుని యాలయము కలదు. 1918లో శబ్దానుశాసనాంధ్ర భాషానిలయము వెలసినదియు నచ్చటనే. ఉర్దూ బోధనభాషగా హైదరాబాదున ఉస్మానియా విశ్వవిద్యాలయము స్థాపితమైనదియు ఆ సంవత్సరమే. రాజాస్థానమున తెలుగునకు మన్నన లేని దినములవి. తెలుగు గ్రంథములు సేకరించి చదువరులను పిలుచుట బిరుదులకు గాని జాగీరులకు గాని దారి కాదు. అయినను ఆ పనికి బూనినవారు కలిగిరి. భోగము పంచిన కొలది తరుగును. విద్య పంచిన కొలది పెరుగును.

ఆ యోరుగల్లుననే కాళోజీ నారాయణరావుగారు (1914–2002) జీవించిరి. న్యాయశాస్త్రము చదివియు ధనార్జనకు పూనుకొనరైరి. నిజాము పాలనలో చెరసాల కేగిరి. లోకుల బాధను కవిత్వముగా వ్రాసి దానికి ‘నా గొడవ’ యని పేరిడిరి. 1992లో పద్మవిభూషణ బిరుదము వారిని వెదకికొని వచ్చినది. తుదకు వారి దేహమును సైతము కాకతీయ వైద్యకళాశాల విద్యార్థుల కొసగిరి. ఆ జీవితమున కష్టములు లేవనరాదు. వెలితి కలదనువా డెవ్వడు?

అమెరికాలో హార్వర్డు విశ్వవిద్యాలయమువారు 1938లో ఆరంభించి తరతరములుగా సాగించుచున్న పరిశోధనయు, ధనకీర్తులకంటె ఆత్మీయ సంబంధములే సుఖారోగ్యములకు మిక్కిలి తోడ్పడునని తేల్చినది.

నేడు మనలో కలవారు పిల్లల విదేశవిద్యకును వివాహములకును వెచ్చించుటలో వెనుదీయరు. మంచిదే. తమ పేటలోని గ్రంథాలయమునకు వారమునకొక గంటయు, ఏటికి గంపెడు పుస్తకములును ఈయగలరా? పొరుగింటి పేదబాలుని చదువును తమ గొడవగా నెంచగలరా? సుఖము కొనుటకు దొరకునది కాదు. ఇచ్చి చూచినగాని దాని రుచి తెలియదు.