అబ్బాయికైనా అమ్మాయికైనా ఒకే పేరు



ఈ నెల మన కుటుంబ పీఠములో పేర్ల సంగతి మాట్లాడుకొందాము. పుట్టబోయే బిడ్డకు ముందుగానే ఒక పేరు అనుకొని, ఆడపిల్ల అయినా మగపిల్లవాడైనా అదే పెట్టాలనే ఆలోచన ఈ రోజులలో యౌవన దంపతులకు కలుగుతున్నది. మన దేశములో గర్భములోని బిడ్డ ఆడో మగో చెప్పుట 1994 నాటి చట్టము ప్రకారము నేరము. కనుక ఇద్దరికీ సరిపోయే పేరు ఒకటి సిద్ధముగా ఉంటే బాగుంటుందని అనుకోవడములో తప్పు లేదు. అటువంటి పేరు కోసము వెదకేవారికి ఎక్కువగా కనబడేవి ఇంగ్లీషు పేర్లే. ఆష్లీ, షర్లీ, బెవర్లీ, లెస్లీ, కింబర్లీ, విట్నీ. అమెరికాలో ఉన్న ఆడపడుచో, హైదరాబాదులో ఉద్యోగము చేస్తున్న తమ్ముడో ఫోనులో ఒక పేరు చెబుతారు. వినడానికి ముద్దుగా ఉన్నదని మనమూ సరే అంటాము. పేరు ఖాయము చేయకముందు అది ఎక్కడ పుట్టినదో, ఎట్లా మన దాకా వచ్చినదో కొంచెము తెలుసుకొంటే మంచిది.

ఈ పేర్లు మొదట మనుష్యుల పేర్లు కావు. అవి ఊళ్ల పేర్లు. వీటిలో కొన్నింటి చివర వినబడే "లీ" అనే మాటకు పాత ఇంగ్లీషు భాషలో అడవి కొట్టి చేసిన ఖాళీ నేల, మన మాటలో చెప్పాలంటే పోడు, అని అర్థము. ఆష్ అనే జాతి చెట్లున్న పోడు ఆష్లీ. రాళ్లున్న పోడు స్టాన్లీ. వెడల్పాటి పోడు బ్రాడ్లీ. వెలుతురు పడే పోడు షర్లీ. పడమటి పోడు వెస్లీ. బెవర్లీ అనేది ఇంగ్లాండులోని యార్కుషైరు ప్రాంతములో నేటికీ ఉన్న పట్టణము. లెస్లీ అనేది స్కాట్లాండులోని ఒక ఊరు.

1066లో నార్మనులు ఇంగ్లాండును జయించిన తరువాత అక్కడ ఇంటిపేర్లు మెల్లమెల్లగా స్థిరపడినవి. ఫలానా ఊరివాడు అని పిలుస్తూ పిలుస్తూ ఆ ఊరి పేరే వంశమునకు అంటుకొన్నది. 1400 నాటికి అక్కడి కుటుంబములలో చాలా వాటికి తండ్రి నుండి బిడ్డకు వచ్చే ఇంటిపేరు ఏర్పడినది. ఇది మనకు క్రొత్త సంగతి కాదు. కందుకూరి వీరేశలింగము గారి ఇంటిపేరు, తంగుటూరి ప్రకాశము గారి ఇంటిపేరు ఊళ్ల పేర్లే గదా! అయితే మనము ఇంటిపేరును ఇంటిపేరుగానే ఉంచుకొన్నాము. పసిబిడ్డను ఉయ్యాలలో వేసి "తంగుటూరీ" అని ఎవరమూ పిలువము.

ఇంగ్లీషువారు మాత్రము పిలిచారు. 16వ శతాబ్దము నుండి అక్కడి పెద్ద కుటుంబములలో ఇంటిపేరును బిడ్డకు సొంత పేరుగా పెట్టే ఆచారము కనబడుతుంది. దానికి ఒక ముఖ్య కారణము తల్లి పుట్టింటివారి పేరు. పెండ్లితో తల్లి ఇంటిపేరు మరుగున పడిపోతుంది గనుక, దానిని కుమారునికి పెట్టి నిలుపుకొనేవారు. తొమ్మిది దినములు మాత్రమే రాణిగా ఉన్న జేన్ గ్రే భర్త పేరు గిల్ఫర్డ్ డడ్లీ. 1554లో ఆయనకు మరణశిక్ష అమలు చేశారు. గిల్ఫర్డ్ అనేది ఆయన తల్లి పుట్టింటి పేరు. ఆ పేరుతో ఇంగ్లాండులో ఒక పట్టణము కూడా ఉన్నది. ఒక స్త్రీ ఇంటి పేరు పోకూడదనే ఆశ ఈ ఆచారము వెనుక ఉన్నదని గుర్తుంచుకొందాము. అయినను ఆ పేరు ఎక్కువగా దక్కినది కుమారులకే.

ఆడపిల్లలకు ఈ పేర్లు ఎట్లా వచ్చినవో చెప్పడానికి షర్లీ అనే పేరు మంచి ఉదాహరణ. హావర్త్ అనే గ్రామములో సంఘ కాపరిగా ఉన్న పాట్రిక్ బ్రాంటీ గారి కుమార్తె షార్లెట్ బ్రాంటీ 1849లో "షర్లీ" అనే నవల ప్రచురించినది. అంతకు ముందు షర్లీ అంటే ఇంటిపేరు, లేకపోతే మగవాని పేరు. ఆ కథలో తల్లిదండ్రులు కుమారుని కోసము ఎనిమిది సంవత్సరములు ఎదురు చూస్తారు. కూతురు పుడుతుంది. కుమారునికి పెట్టాలని అనుకొన్న పేరే ఆమెకు పెడతారు. ఆ నవల తరువాత ఆ పేరు ఆడపిల్లలకు పెట్టడము మొదలైనది. 1930లలో షర్లీ టెంపుల్ అనే చిన్నపిల్ల సినిమాలలో పేరు తెచ్చుకొన్న తరువాత అది అమెరికా అంతటా వ్యాపించినది. ఇప్పుడు షర్లీ అని వింటే మనకు మగపిల్లవాడు తోచనే తోచడు.

ఈ నవల వ్రాసిన ఆమె తన సొంత పేరుతో దానిని అచ్చు వేయించలేదు. ఆడో మగో తెలియని "కరర్ బెల్" అనే కలము పేరు పెట్టుకొన్నది. ఆమె చెల్లెండ్రు ఎమిలీ, ఆన్ కూడా అటువంటి పేర్లే పెట్టుకొన్నారు. స్త్రీ వ్రాసినదని తెలిస్తే చదివేవారు సమానముగా తీర్పు చెప్పరని వారి భయము. నేడు ఉద్యోగ దరఖాస్తు మీద పేరు చూచి ఆడపిల్ల అని పక్కన పెట్టకుండా ఉండాలని కొందరు తల్లిదండ్రులు ఇటువంటి పేరు కోరుకొంటున్నారు. ఆ భయము పాతదే. అది ఇంకా పూర్తిగా పోలేదు.

ఇప్పుడు ఆష్లీ సంగతి చూడండి. 1936లో అమెరికాలో వెలువడిన "గాన్ విత్ ద విండ్" నవలలో ఆష్లీ అనేవాడు పురుషుడు. 1939లో అది సినిమాగా వచ్చినప్పుడు ఆ పాత్ర ధరించిన నటుని పేరు లెస్లీ హవర్డ్. అంటే లెస్లీ అనే మగవాడు ఆష్లీ అనే మగవాని వేషము వేసినాడు. ఆ తరువాత ఆ రెండు పేర్లూ అమెరికాలో ఆడపిల్లల పేర్లయినవి. 1991, 1992 సంవత్సరములలో ఆ దేశములో పుట్టిన ఆడపిల్లలకు అన్నిటికంటె ఎక్కువగా పెట్టిన పేరు ఆష్లీయే. ఇంగ్లాండులో మాత్రము మగపిల్లలకు ఆ పేరు పెట్టడము చాలా కాలము సాగినది.

ఇందులో మనము గమనించవలసినది ఒకటి ఉన్నది. షర్లీ, ఆష్లీ, బెవర్లీ, లెస్లీ, అన్నీ మగవారి వైపు నుండి ఆడవారి వైపు నడిచినవే. తిరిగి మగవారి వైపు వచ్చుట బహు అరుదు. ఎందుకు? ఆడపిల్లకు మగపేరు పెడితే లోకము దానిని గొప్ప అనుకొంటుంది. ఆ పేరు గల ఆడపిల్లలు ఎక్కువ కాగానే, మగపిల్లవానికి అది పెట్టడము చిన్నతనము అనుకొంటుంది. అప్పుడు తల్లిదండ్రులు మెల్లగా ఆ పేరును వదిలిపెడతారు. పేరులో మార్పేమీ రాలేదు. అవే అక్షరములు, అదే పోడు. విలువ తగ్గినట్లు తోచినది మన చూపునకే. "ఇద్దరికీ సరిపోయే పేరు" అని మనము ఇష్టముగా అనుకొనే మాట క్రింద ఈ ఎక్కువ తక్కువల లెక్క దాగి ఉన్నది.

మన ఇండ్లలో ఈ లెక్క లేదని చెప్పగలమా? మహారాష్ట్రలోని సతారా జిల్లాలో కొడుకు కోసము చూచి చూచి విసిగిన కుటుంబములు ఆడపిల్లకు "నకూసా", అంటే అక్కర లేనిది, అని పేరు పెట్టేవారు. 2011లో అక్కడ ఒక సభ జరిపి, అటువంటి పేర్లు గల 285 మంది బాలికలకు క్రొత్త పేర్లు పెట్టారు. మనము అంత కఠినమైన పేరు పెట్టకపోవచ్చును. కాని కొడుకు కోసము ఉంచుకొన్న పేరును, మనసులో నిట్టూర్పుతో కూతురికి పెడితే, ఆ నిట్టూర్పు కూడా పేరుతో పాటు ఆ బిడ్డకు అంటుతుంది. పెద్దయిన తరువాత "నాకు ఈ పేరు ఎందుకు పెట్టారమ్మా?" అని ఆమె తప్పక అడుగుతుంది. ఆనాడు మనము చెప్పే జవాబు ఈనాడే సిద్ధముగా ఉండవలెను.

లేఖనములలో ఈ విషయమునకు చక్కని వెలుగు ఉన్నది. హోషేయ భార్య పేరు గోమెరు. యాపెతు కుమారులలో ఒకని పేరు కూడా గోమెరే. ఊరి పేరు మనిషికి రావడము కూడా అక్కడ ఉన్నది. మగ్దల ఊరి మరియను మగ్దలేనే అన్నారు. ఆ ఊరి గుర్తే ఈనాడు ఎందరో ఆడపిల్లలకు మగ్దలేను అనే సొంత పేరయినది. ఊదారంగు పొడి అమ్మిన లూదియ తుయతైర పట్టణస్థురాలు. ఆ పట్టణము ఉన్న ప్రాంతము పేరు లూదియయే. మన సంఘములలో షారోను అని పిలుచుకొనే అమ్మాయిలున్నారు. అది ఒక మైదానము పేరు. యోర్దాను నది పేరు ఇంగ్లీషువారిలో ఆడవారికీ మగవారికీ ఉన్నది. కనుక స్థలము పేరు బిడ్డకు పెట్టడము మనకు నిషిద్ధము కాదు, పరాయిదీ కాదు.

అంతకంటె గొప్ప సంగతి సంఖ్యాకాండము 27వ అధ్యాయములో ఉన్నది. సెలోపెహాదుకు కుమారులు లేరు. మహలా, నోయా, హొగ్లా, మిల్కా, తిర్సా అనే అయిదుగురు కుమార్తెలు మోషే ఎదుట నిలిచి, కుమారుడు లేనందున మా తండ్రి పేరు ఎందుకు పోవలెనని అడిగారు. వారు అడిగినది న్యాయమేనని దేవుడు చెప్పి, వారికి స్వాస్థ్యము ఇప్పించెను. ఆ అయిదుగురికీ మగపేర్లు పెట్టనక్కర లేకపోయినది. తమ సొంత పేర్లతోనే వారు తండ్రి పేరు నిలబెట్టారు.

కనుక ఇటువంటి పేరు పెట్టదలచిన తల్లిదండ్రులకు కొన్ని మాటలు.

మొదటిది, మనసును పరీక్షించుకొనండి. మన సంఘములలో జాన్ వెస్లీ, చార్లెస్ వెస్లీ అనే మగపిల్లలు ఎందరో ఉన్నారు. అదే ఇంటిలో కూతురు పుడితే వెస్లీ అని సంతోషముగా పిలువగలరా? కొడుకు పుడితే షర్లీ అని పిలువగలరా? రెండవ ప్రశ్నకు మనసు ముడుచుకొంటే, మీరు ఎన్నుకొన్నది ఇద్దరి పేరు కాదు. ఎవరు పుట్టినా అదే సంతోషముతో పిలువగలిగిన పేరే నిజముగా ఇద్దరిదీ.

రెండవది, ఇంటిలో నాయనమ్మ, అమ్మమ్మ నోటితో ఆ పేరు పలికించి చూడండి. కింబర్లీ వారి నోట ఏమవుతుందో వినండి. రోజుకు నూరుసార్లు పిలిచేది వారే. పిలవలేని పేరు కాగితము మీదనే ఉండి, బిడ్డ ఎప్పటికీ చిన్నిగానో బుజ్జిగానో మిగులుతుంది.

మూడవది, మన భాషను గుర్తు పెట్టుకొనండి. "ఆష్లీ వచ్చాడు" అనో "ఆష్లీ వచ్చింది" అనో తెలుగులో చెప్పి తీరవలసినదే. పేరు దాచినది క్రియ బయట పెడుతుంది. అందుచేత పేరు మీద మోయలేని ఆశలు పెట్టుకొనవద్దు. ఆడపిల్లకు గౌరవము పేరు వలన కాక, చదువులోను ఆస్తిలోను తిండిలోను మనము చూపే సమానత్వము వలన వస్తుంది.

నాలుగవది, వ్రాతలో జాగ్రత్త. ఇంగ్లీషులో ఆ చివరి "లీ"ని నాలుగైదు విధములుగా వ్రాస్తారు. ఒకటి ఎన్నుకొని అన్నిచోట్లా అదే వ్రాయించండి. పుట్టిన 21 దినములలో జననము నమోదు చేయించండి. అప్పటికి పేరు కుదరకపోతే తొందరపడనక్కర లేదు. పేరు లేకుండానే నమోదు చేయించి, 12 నెలలలోగా రుసుము లేకుండా పేరు చేర్పించవచ్చును. ఆ తరువాత రుసుముతో 15 సంవత్సరముల వరకు వీలున్నది. 2023 అక్టోబరు 1 నుండి పుట్టిన పిల్లలకు బడిలో చేరుటకు, ఆధారుకు, ఓటరు జాబితాకు, వివాహ నమోదుకు, ప్రభుత్వ ఉద్యోగమునకు జనన ధ్రువపత్రమే ఆధారము. సంఘ పుస్తకములో బాప్తిస్మమునకు గాని ప్రతిష్ఠకు గాని వ్రాయించే పేరు కూడా దానితో కలిసి ఉండవలెను.

అయిదవది, మన భాషలో ఉన్నవాటిని కూడా తలచుకొనండి. ప్రసన్న, కిరణ్ వంటి పేర్లు ఆడవారికీ మగవారికీ ఉన్నవి. వాటి అర్థము ఎవరూ విప్పి చెప్పనక్కర లేదు.

ఆష్లీ అని పెట్టినా, షారోను అని పెట్టినా, ప్రసన్న అని పెట్టినా, అది ఎవరి కోసమో ఉంచి మిగిలిన పేరు కాకూడదు. ఈ బిడ్డ కోసమే, ఈ బిడ్డను చూచి సంతోషించి పెట్టిన పేరు కావలెను. పుట్టకముందు పేరు అనుకొనేవారు ఈ రాత్రి ఇద్దరూ కలిసి కూర్చుండి, ఆ పేరును ఒకసారి కొడుకుగా, ఒకసారి కూతురుగా పిలిచి చూడండి. రెండుసార్లూ గొంతులో ఒకే సంతోషము వినబడితే, ఆ పేరు పెట్టండి.

వచ్చే నెల మరల కలుసుకొందాము. ప్రభువు మీ గృహములను దీవించును గాక.