డబ్బిచ్చి కొన్న దళం

బాలక్లావా పేరెత్తితే లార్డ్ కార్డిగన్ మూర్ఖత్వం గురించే మాట్లాడుకుంటారు. 1854 అక్టోబరు 25న క్రిమియాలోని ఆ లోయలో, మూడు వైపులా రష్యన్ ఫిరంగులుండగా, దాదాపు 670 మంది గుర్రపు సైనికులను వాటి నోట్లోకి నడిపించాడాయన. నూటికి పైగా చనిపోయారు. నిజానికి దాడికి దిగడంలో ఆయన తప్పు తక్కువే. సేనాధిపతి రాగ్లన్ రాసి పంపిన ఆదేశంలో స్పష్టత లేదు, తెచ్చిన కెప్టెన్ నోలన్ విడమరిచి చెప్పలేదు. పై అధికారి లూకన్ స్వయానా చెల్లెలి భర్త, కానీ ఇద్దరికీ ఒక్క క్షణం పడదు. కార్డిగన్ అభ్యంతరం చెప్పి చూశాడు, ఆపైన అందరికంటే ముందు తానే ఫిరంగుల దాకా వెళ్లాడు. పిరికివాడు కాడు. అయితే ఫిరంగుల వరస దాటాక తన పని అయిపోయిందనుకుని, చెల్లాచెదురైన మనుషులను కూడగట్టకుండానే వెనుదిరిగాడు. ధైర్యం ఆయన సొంతం, నాయకత్వం మాత్రం కొన్నది.

కొన్నది అన్న మాట అలంకారం కాదు. అప్పటి బ్రిటిష్ అశ్విక, పదాతి దళాల్లో లెఫ్టినెంట్ కర్నల్ దాకా పదవులకు ప్రభుత్వమే ధర కట్టింది. అశ్వికదళంలో ఆ పదవి ఖరీదు 6,175 పౌండ్లు, లోపాయికారీగా చేతులు మారేది అంతకంటే చాలా ఎక్కువ. కార్డిగన్ 1832లో 15వ హుస్సార్స్‌కు అలాగే అధిపతి అయ్యాడు. కింది అధికారి మీద తాను మోపిన అభియోగాలు సైనిక న్యాయస్థానంలో వీగిపోవడంతో రెండేళ్లకే పదవి ఊడింది. మరొకరికైతే కథ అక్కడితో సరి. ఈయనకు 1836లో ఇంకో దళం దక్కింది. అప్పటికి మన దేశంలో ఉన్న ఆ 11వ లైట్ డ్రాగూన్స్‌లో ఏళ్ల తరబడి ఎండకు ఎండిన అధికారులు ఆయన కంటికి ఆనలేదు. దళం ఇంగ్లండుకు తిరిగొచ్చాక, 1840లో కాంటర్‌బరీ మెస్సులో కెప్టెన్ రేనాల్డ్స్ అతిథి కోసం తెప్పించిన మోసెల్ వైన్ నల్ల సీసాలోనే బల్ల మీదికొచ్చింది. కార్డిగన్ దాన్ని పోర్టర్ అనే చవక బీరనుకున్నాడు. మాటామాటా పెరిగి రేనాల్డ్స్ నిర్బంధం పాలయ్యాడు. సీసా రంగును బట్టి మనిషిని తూచే చేతిలో దళం పెట్టారన్నమాట.

వెల్లింగ్టన్ కూడా పదవి కొనుక్కున్నవాడే కదా అంటారు. నిజమే, 1793లో 33వ రెజిమెంటును అలాగే సంపాదించాడు, శ్రీరంగపట్నం, అసాయేల్లో తానేమిటో చూపించాడు. కానీ అదే అంగడి అంతే నిశ్చింతగా కార్డిగన్‌నూ ఎంచింది. ఎంపికకు గుణంతో పని లేదనడానికి ఇంకేం కావాలి? ఆస్తిపరులైన అధికారులు రాజ్యం మీద తిరగబడరన్నది ఇంకా బలమైన వాదన, క్రామ్‌వెల్ నాటి భయం దాని వెనక ఉంది. పదవుల అమ్మకం లేని కంపెనీ సైన్యంలో 1809లో మన మచిలీపట్నంలోని బ్రిటిష్ అధికారులే తిరగబడ్డారు, దాన్ని దాచలేం. అయితే ఆ గొడవ భత్యాల కోత మీద మొదలైంది, సింహాసనం కోసం కాదు. పైగా బ్రిటన్ సొంత సైన్యంలోనే ఫిరంగి, ఇంజనీర్ల దళాల్లో పదవులు అమ్మేవారు కాదు, ఊలిచ్‌లో చదివి రావాల్సిందే. వారి వల్ల ఏ రాజ్యమూ కూలలేదు.

బాలక్లావా తర్వాత మరుసటి ఏడే కార్డిగన్‌ను అశ్వికదళాల ఇన్‌స్పెక్టర్ జనరల్ చేశారు. ఆయన 1868లో గుర్రం మీంచి పడి పోయాడు. అమ్మకాలు ఆగింది 1871లో, అదీ ప్రభువుల సభ మోకాలడ్డితే ప్రభుత్వం రాణి ఉత్తర్వు తెచ్చుకుని. ఉన్న అధికారులకు ఖజానా నుంచి పరిహారం ఇచ్చారు. చట్టం ఒప్పుకోని పైధరను కూడా లెక్కగట్టి ఇచ్చారు.