హీరో రాడు... బానెట్ మీరే ఎత్తండి!

ఈ వారం వచ్చిన ఉత్తరాల్లో జగిత్యాల చెల్లెమ్మ ఒకరు రాసింది చదివి చాలాసేపు పక్కన పెట్టలేకపోయాను. హీరోగారి పెళ్ళెప్పుడనో, ఫలానా సినిమా రెండో భాగం ఎప్పుడనో అడగలేదు. ఏం రాసిందో మీరే చిత్తగించండి.

"మా నాన్న సెకండ్ హ్యాండ్‌ల మారుతీ 800 కొన్నడు. మే నెలల ఆదిలాబాద్‌ల అక్క ఇంటికి అయిదుగురం పోవాలె. తమ్ముడేమో ముందు మంచి స్టీరియో పెట్టిద్దామంటడు. నాన్నేమో పోయొచ్చినంక సర్వీసింగ్ చేయిద్దామంటడు. బండి నడిపేది నేను. నా మాట ఎవ్వలూ ఇంటలేరు. ఎవరిది కరెక్టో మీరు చెప్పండి. మీ పేజీ అయితే ఇంట్ల అందరు చదువుతరు."

విన్నారుగా! తీర్పు చెప్పక తప్పదు.

సినిమా పత్రికలో కారు సర్వీసింగ్ గోలేమిటని మొహం చిట్లించకండి. మన సినిమాల్లో సగం ప్రేమలు మొదలయ్యేది ఆగిపోయిన కారు దగ్గరే కదా! హీరోయిన్ కారు సరిగ్గా ఊరి బయట ఆగుతుంది. బానెట్ లోంచి పొగ వస్తుంది. హీరోగారు ఎక్కణ్ణించో ఊడిపడి, ఏదో వైరు లాగి, చేతికి మసి పూసుకుంటారు. బండి స్టార్టు! వెంటనే పాట. "టాక్సీ రాముడు" (1961), "డ్రైవర్ రాముడు" (1979) అని ఎన్టీ రామారావుగారే స్టీరింగ్ పట్టారు. "మెకానిక్ అల్లుడు" (1993) అని చిరంజీవిగారూ వచ్చారు. హిందీలో అశోక్ కుమార్, అనూప్ కుమార్, కిశోర్ కుమార్ అన్నదమ్ములు ముగ్గురూ గ్యారేజీ నడిపే అన్నదమ్ములుగానే వేసిన "చల్తీ కా నామ్ గాడీ" (1958) సంగతి మీ తాతయ్యనడిగితే కళ్ళు మెరుస్తాయి.

అంతా బాగానే ఉంది. కానీ నిర్మల్ దాటాక మధ్యాహ్నం రెండింటికి 45 డిగ్రీల ఎండలో కారు ఆగిపోతే హీరో రాడు. వచ్చేది లారీలు!

అసలు హీరోయిన్ ఈవిడ

ఆగిన కారు పక్కన ఎదురుచూస్తూ నిలబడని హీరోయిన్ ఒకావిడ నిజంగానే ఉంది. పేరు బెర్తా బెంజ్. కారుకి పేటెంటు తీసుకున్న కార్ల్ బెంజ్ భార్య. 1888 ఆగస్టులో భర్తకి చెప్పకుండా ఇద్దరు కొడుకుల్ని వెంటబెట్టుకుని, జర్మనీలో మాన్‌హైమ్ నుంచి ఫోర్జ్‌హైమ్‌కి దాదాపు 100 కిలోమీటర్లు ఆ మూడు చక్రాల బండిలో వెళ్ళింది. ప్రపంచంలో మొట్టమొదటి దూరప్రయాణం అదేనంటారు.

దారిలో పెట్రోలు గొట్టం మూసుకుపోతే టోపీకి పెట్టుకునే పిన్నుతో పొడిచి శుభ్రం చేసింది. ఇంధనం అయిపోతే మందుల షాపులో కొన్నది. బ్రేకు చెక్కలు అరిగిపోతే చెప్పులు కుట్టే అతని దగ్గర వాటికి తోలు కొట్టించింది. అంటే కారుకి మొదటి బ్రేక్ రిపేరు చేయించింది ఓ ఇల్లాలు! అందుకని చెల్లెమ్మా, బానెట్ ఎత్తడం మగవాళ్ళ పని అని ఎవరన్నా అంటే ఈ ముక్క చదివి వినిపించు.

మన చిన్న కారు కథ

ఇక మీ ఇంటికొచ్చిన కారు సంగతి. 1983 డిసెంబరు 14న అప్పటి ప్రధాని ఇందిరాగాంధీ చేతుల మీదుగా మొదటి మారుతీ 800 తాళాలు ఒక కొనుగోలుదారుకి అందాయి. 796 సీసీ ఇంజను, మూడే సిలిండర్లు. మధ్యతరగతి ఇంటి ముందుకి కారుని తెచ్చిన బండి అది. 2014 జనవరిలో దాని తయారీ ఆగిపోయింది. అంటే మీది ఎంత కొత్తదైనా పదేళ్ళు దాటినదే. రిజిస్ట్రేషన్ పదిహేనేళ్ళే ఉంటుంది కాబట్టి ఆర్‌సీ మీద తేదీ కూడా ఓసారి చూడండి. ఆ గడువు దాటితే ఫిట్‌నెస్ చూపించి మరో అయిదేళ్ళకి రెన్యూ చేయించుకోవాలి.

పాతదైతే భయపడాలా? అక్కర్లేదు. చిన్న ఇంజను, తేలిక బండి, ఎక్కడైనా సామాను దొరుకుతుంది. చేయి తిరిగిన మేస్త్రీలు ఊరూరా ఉన్నారు. కాకపోతే మన దగ్గరి వాతావరణం వేరు. 2016 అక్టోబరులో కరీంనగర్, ఆదిలాబాద్ జిల్లాలు ముక్కలై జగిత్యాల, పెద్దపల్లి, మంచిర్యాల, నిర్మల్ వగైరా అయ్యాయిగానీ... ఎండ, దుమ్ము మాత్రం విడిపోలేదు! కరీంనగర్ చుట్టూ గ్రానైటు క్వారీల దుమ్ము. గోదావరిఖని, మందమర్రి వైపు బొగ్గు దుమ్ము. ఆదిలాబాద్‌లో ఎండాకాలం నిప్పులు, చలికాలం తెల్లవారుజామున పది డిగ్రీల లోపు. కారుతో ఇచ్చే పుస్తకాల్లో ఇన్ని కిలోమీటర్లకి ఆయిల్ మార్చండి, ఇన్నిటికి ఫిల్టరు మార్చండి అని పట్టిక ఉంటుంది. దాని కిందే, దుమ్ములో, ఎండలో తిరిగే బళ్ళకి ఇంకా ముందే మార్చండి అని రాసి ఉంటుంది. మన జిల్లాలకి వర్తించేది ఆ కింద రాసిన ముక్కే!

బండి ముందే చెబుతుంది

కరీంనగర్‌లో నేను బండి చూపించే మేస్త్రీ ఒకాయన ఉన్నాడు. మాట తక్కువ, పని ఎక్కువ. ఓసారి టీ తాగుతూ అన్నాడు: "సార్, బండి ఒక్కపారే ఆగది. నెల రోజుల సంది చెప్పుకుంటనే వస్తది. మనమే పాటలు పెద్దగ పెట్టుకొని ఇంటలేం. గంతే!"

తమ్ముడూ, స్టీరియో విషయంలో నీకు తీర్పు ఇక్కడే వచ్చేసింది!

బండి ఏమేం చెబుతుందో వినండి. బ్రేకు తొక్కితే కీచుమంటే ప్యాడ్లు అరిగాయని. పెడలు మెత్తగా, స్పాంజీలా లోపలికి పోతుంటే బ్రేక్ ఆయిల్ సంగతి చూడమని. స్టీరింగ్ ఒక పక్కకి లాగుతుంటే టైరు గాలో, ఎలైన్‌మెంటో. పొద్దున్నే బండి తీశాక నేల మీద చూడండి. నల్లటి చుక్కలుంటే ఇంజను ఆయిల్. పచ్చగానో, రంగుగానో ఉంటే కూలెంట్. ఏసీ వేసిన బండి కింద మామూలు నీళ్ళు కనబడితే కంగారుపడకండి, అది ఏసీ నీరే.

నాన్నగారికి నాలుగు మాటలు

నాన్నగారూ, "పోయొచ్చినంక చూద్దాం" అన్నారట. డబ్బుతో పని, నిజమే. కానీ దారి ఒకసారి మనసులో గీసుకోండి. జగిత్యాల నుంచి కోరుట్ల, మెట్‌పల్లి మీదుగా ఆర్మూర్. అక్కణ్ణించి 44వ నంబరు జాతీయ రహదారి మీద నిర్మల్. నిర్మల్ దాటాక కొండలు. పోయేటప్పుడు ఘాట్ ఎక్కాలి, ఇంజనుకి పరీక్ష. వచ్చేటప్పుడు దిగాలి, బ్రేకుకి పరీక్ష. రెండు పరీక్షలూ అయ్యాక సర్వీసింగ్ అంటే... హాల్ టికెట్ పరీక్షలయ్యాక తెచ్చుకున్నట్టు!

బ్రేక్ ఆయిల్ సంగతి చాలామందికి తెలియదు. అది గాలిలోని తేమని మెల్లగా పీల్చుకుంటుంది. డాట్ 3 రకం కొత్త ఆయిల్ 205 డిగ్రీల దాకా మరగకూడదని ప్రమాణం. తేమ పట్టాక ఆ లెక్క 140కి దిగిపోతుంది. అయిదుగురు కూర్చున్న బండిని ఘాట్ దిగేటప్పుడు పదేపదే బ్రేకు తొక్కితే చక్రాల దగ్గర వేడి పెరుగుతుంది. పాత ఆయిల్ మరిగి బుడగలు కడుతుంది. బుడగ నొక్కితే నొక్కుకుపోతుంది తప్ప బ్రేకు పడదు. పెడలు కాలికింద ఖాళీగా దిగిపోతుంది. వెనక సీట్లో అమ్మ ఉంటుంది, తమ్ముడు ఉంటాడు... ఇక నేను చెప్పక్కర్లేదు. దాన్ని రెండేళ్ళకోసారి మార్చాలి. ఆ ఆయిల్ డబ్బా ఖర్చు నలుగురు మల్టీప్లెక్సుకి వెళ్ళి పాప్‌కార్న్ తిన్న ఖర్చు కంటే తక్కువే!

దిగేటప్పుడు ఇంకో సంగతి. పెట్రోలు మిగులుతుందని న్యూట్రల్ వేయడం, ఇంజను ఆపడం చేయకండి. రెండో గేరులో దిగితే ఇంజనే బండిని పట్టి ఉంచుతుంది, బ్రేకు చల్లగా ఉంటుంది. ఇంజను ఆపితే బూస్టరు ఉన్న బళ్ళలో బ్రేకుకి ఆ సాయం పోతుంది. తాళం పూర్తిగా తిప్పారో, స్టీరింగ్ లాకు కూడా పడవచ్చు.

ప్రయాణానికి వారం ముందు

ముందురోజు రాత్రి కాదు, వారం ముందు! ఈ వరసలో చూపించండి.

ఒకటి, బ్రేకులు. నాలుగు చక్రాలూ విప్పించి ప్యాడ్లు, షూలు కళ్ళారా చూడండి. ఆయిల్ ఎప్పుడు మార్చారో తెలియకపోతే మార్చించేయండి.

రెండు, టైర్లు. గాడి లోతు 1.6 మిల్లీమీటర్ల కంటే తక్కువుంటే చట్టమే ఒప్పుకోదు. గాడి బాగున్నా వయసు చూడాలి. టైరు పక్కన నాలుగంకెలుంటాయి. 2319 అంటే 2019వ సంవత్సరం 23వ వారంలో తయారైందని. అయిదేళ్ళు దాటినవైతే ఏటా చూపించండి. పదేళ్ళు దాటితే ఎంత ముద్దొచ్చినా తీసేయండి. గాలి పొద్దున్నే, టైరు చల్లగా ఉన్నప్పుడు కొలిపించాలి. స్టెప్నీలో కూడా! జాకీ, పానా డిక్కీలో ఉన్నాయో లేదో చూసుకోండి.

మూడు, రేడియేటరు. బోరు నీళ్ళు పోసేస్తుంటారు చాలామంది. అందులోని ఉప్పు లోపల పొలుసు కట్టి దారులు మూసేస్తుంది. శుభ్రం చేయించి కూలెంట్ పోయించండి. గొట్టాలు పగిలాయేమో, ఫ్యాన్ తిరుగుతోందో లేదో చూడండి. దారిలో టెంపరేచర్ ముల్లు పైకి పోతే బండి నీడకి ఆపండి. వేడిమీద మాత్రం రేడియేటరు మూత తీయకండి. లోపలి నీళ్ళు ఎగజిమ్మి మొహం కాలుతుంది.

నాలుగు, ఇంజను ఆయిలూ, ఎయిర్ ఫిల్టరూ. ఆయిల్ మట్టం మీరే చూడవచ్చు. బండి సమంగా ఉన్న చోట ఆపి, కాసేపాగి, డిప్ స్టిక్ తీసి తుడిచి, మళ్ళీ ముంచి తీయండి. రెండు గీతల మధ్య ఉండాలి. బండి తిరిగినా తిరగకపోయినా ఏడాదికోసారి మార్చాలి. ఫిల్టరు కాగితంది, నీళ్ళతో కడగకండి. మరీ నల్లబడితే కొత్తది వేయండి.

అయిదు, బెల్టులు, బ్యాటరీ. టైమింగ్ బెల్టు ఎప్పుడు మార్చారో అమ్మినాయన చెప్పలేకపోతే మార్చించడమే మంచిది. అది తెగితే ఇంజను ఆ క్షణమే ఆగిపోతుంది. ఇక బ్యాటరీని పాడుచేసేది ఎండాకాలం, ఆ సంగతి బయటపడేది చలికాలం. టెర్మినళ్ళ మీద తెల్లటి పొడి ఉంటే శుభ్రం చేయించండి. విప్పేటప్పుడు ముందు నెగటివ్ తీయాలి, బిగించేటప్పుడు అది చివర్న.

ఇవన్నీ అయ్యాక ఇంటిల్లిపాదీ ధర్మపురి దాకా ఓసారి వెళ్ళిరండి. నరసింహస్వామి దర్శనమూ అవుతుంది, ఏ నట్టయినా వదులుగా ఉంటే ఇంటి దగ్గరే తెలిసిపోతుంది. పది రూపాయల నోటుబుక్కు ఒకటి కొని బండిలో పడేయండి. ఏ తేదీన, ఎన్ని కిలోమీటర్ల దగ్గర ఏం మార్చారో రాసుకోండి. రేపు బండి అమ్మినా ఆ పుస్తకమే నాలుగు రూపాయలు ఎక్కువ తెస్తుంది.

తీర్పు

స్టీరియో వాయిదా. అక్క ఇంటికి పోయొచ్చాక డబ్బులు మిగిలితే తమ్ముడి ముచ్చట తీర్చండి. "పోయొచ్చినంక సర్వీసింగ్" కొట్టివేత. చెల్లెమ్మదే కరెక్టు! స్టీరింగ్ ఎవరి చేతిలో ఉందో, బ్రేకు మీద కాలు ఎవరిదో, వాళ్ళ మాటే ముందు వినాలి. ఆమె భయపడి అడగలేదు నాన్నగారూ, మీ అందరి బాధ్యత తనమీద ఉందని అడిగింది.

వారం ముందు చూపించి, తెల్లారుజామున బయల్దేరి, ఎండ ముదిరేలోపు నిర్మల్ దాటండి. వీలుంటే నేరడిగొండ దగ్గర కుంటాల జలపాతం వైపు తిరగండి. మేలో నీళ్ళు సన్నగా ఉంటాయిలెండి, చెట్లనీడ మాత్రం ఉంటుంది. బండి కూడా కాసేపు చల్లబడుతుంది.

ఆదిలాబాద్ చేరాక ఓ కార్డు ముక్క రాయి చెల్లెమ్మా. దారిలో బండి ఎక్కడా ఆగలేదని రాస్తే చాలు. ఆ కథలో హీరో లేకపోయినా మన పాఠకులు సంతోషంగానే చదువుతారు.

మరి ఉంటాను. వచ్చే వారం కలుద్దాం!