రేవులందలి తుపానుగుర్తు



కార్తికమాసమున బంగాళాఖాతమున వాయుగుండము పుట్టెననియు, మచిలీపట్నపు రేవున 3వ నంబరు ప్రమాదసూచిక నెత్తిరనియు రేడియోలో వినుచుందుము. మా మార్కాపురమునకు సముద్రము కనబడదు. అయినను ఆ మాట చెవిని బడినంతనే మిద్దెపై నెండబోసిన సజ్జలను లోనికి జేర్చుకొందుము. మొన్న అట్లు చేర్చుచుండగా మా చిన్నవాడు ఆ గుర్తులను మొదట నెవరు పెట్టిరని యడిగెను. వాని తండ్రిగారు బడికి బోయియుండుటచే జవాబు నాపై బడినది.

ఆయన పేరు రాబర్టు ఫిట్జ్‌రాయి. 1805లో ఇంగ్లండున గొప్ప వంశమున జన్మించి, 12 ఏండ్ల ప్రాయముననే నావికావిద్యాలయమున జేరెను. 23వ యేట బీగిలు అను చిన్న యోడకు అధిపతి యయ్యెను. అంతకు ముందటి అధిపతి దక్షిణామెరికా తీరమున మనసు చెడి ప్రాణము తీసికొనియుండెను. ఫిట్జ్‌రాయి మేనమామయు నట్లే గతించెను. ఆ భయము మనసున నుండుటచేతనేమో, 1831లో మరల బయలుదేరునపుడు మాటలాడ దోడుగా నొక విద్యావంతుని వెంట గొనిపోయెను. అతడే చార్లెసు డార్విను. లోకమునకు డార్విను పేరే మిగిలినది. ఓడ నడపినవాని నెవరు తలంతురు?

ఆ యాత్రలో తీరముల కొలతపని త్వరగా ముగియుటకై తన సొమ్ముతో మరియొక యోడను గొనెను. దొరతనము ఆ పైకమును తిరిగి యియ్యలేదు. ఇంటిసొమ్ము కచేరీపనికి వెచ్చించు పురుషులు అన్నిదేశములందు నున్నారు కాబోలు! 1843లో న్యూజీలాండు గవర్నరయి, మావోరీలకు న్యాయము చేయబూనగా వలసవచ్చిన తెల్లవారు కోపించిరి. రెండేండ్లకే యాపదవి పోయెను.

1854లో ఆయనకు వాతావరణశాఖ నప్పగించిరి. ఓడలవారు వ్రాసిన గాలిలెక్కలను కూర్చుటయే యప్పటి పని. 1859 అక్టోబరులో మెల్బోరను నుండి వచ్చుచున్న రాయల్ చార్టరు అను నోడ, ఇల్లు చేరవలసిన వేళ వేల్సు తీరమున బ్రద్దలై 450 మందికి పైగా మరణించిరి. ఆ తుపానుజాడ ముందుగా దెలిసినచో తంతిద్వారా రేవులకు జెప్పవచ్చునుగదా యని ఆయన తలచెను. 1861 ఫిబ్రవరి మొదలు ఆయన కబురు పంపినంతనే రేవులలో కొయ్యస్తంభములకు పగటివేళ శంకువును, పీపావంటి గుర్తును గట్టిరి. రాత్రివేళ దీపములు వ్రేలాడదీసిరి. ఆ యేటి ఆగస్టున రేపటి వాతావరణము పత్రికలోను వెలువడెను.

చెప్పినది తప్పిననాడు పత్రికలు పరిహసించెను. పండితులు ఇది శాస్త్రము కాదనిరి. నిజమైన దినముల నెవరు లెక్కపెట్టిరి?

1864 నవంబరు 1వ తేది రాత్రి సముద్రము మన మచిలీపట్నముపై బడి సుమారు 30,000 మందిని బలిగొన్నది. అక్కడ స్తంభము లేదు, దీపము లేదు. ఆరు మాసములకు, 1865 ఏప్రిలు 30న, ఫిట్జ్‌రాయి తన ప్రాణమును తానే తీసికొనెను. ఆ 1865లోనే కలకత్తా రేవున తుపాను హెచ్చరికలు మొదలయ్యెను. ఇంగ్లండులోనో, 1866లో వానిని నిలిపివేసి, సముద్రముపై బ్రతుకువారు మొఱపెట్టగా మరుసటియేడు మరల నారంభించిరి.

“ఆయన ఇంటివారేమైరి?” అని మా చిన్నవాడు మరల నడిగెను. ఆస్తియంతయు హరించి అప్పులు మిగిలియుండెను. స్నేహితులు చందాలు వేసికొని భార్యను, బిడ్డలను ఆదుకొనిరి, విక్టోరియారాణి నివాసమిచ్చెను. ఆ చందాలో డార్వినుది 100 పౌనులు.