అప్పుకి గడువుంది, నేర్చుకోవడానికి లేదు

మన హాస్టళ్లలో సుజ్లాన్ పేరు తెలియనివాళ్లు తక్కువ. కానీ చాలామందికి అది గాలిమరలు చేసే కంపెనీగా కాదు, ఫోన్లో ఎరుపూ ఆకుపచ్చా మారే షేరుగా తెలుసు. "అప్పులు చేసి మునిగింది, అప్పులు తీర్చి లేచింది" అని రెండు ముక్కల్లో కథ తేల్చేస్తారు. నా ఉద్దేశంలో అది సగం కథే. ఇంజనీరింగ్ చదివేవాళ్లం మిగతా సగం కూడా చూడాలి.

తులసి తంతి గుజరాత్‌లో బట్టల వ్యాపారి. కరెంటు ఖర్చు భరించలేక తన మిల్లు కోసం రెండు గాలిమరలు కొన్నారు. మిగతా మిల్లులకీ ఇదే బాధ కదా అని 1995లో సుజ్లాన్ మొదలుపెట్టారు. ఆయన తెలివంతా ఎక్కడుందంటే, ఉత్త మెషీన్ అమ్మి చేతులు దులుపుకోలేదు. స్థలం వెతకడం, గాలి కొలవడం, మర నిలబెట్టడం, తర్వాత మెయింటెనెన్స్, అన్నీ తనే చూసుకున్నారు. గాలి గురించి ఏమీ తెలియని వ్యాపారి కూడా ధైర్యంగా డబ్బు పెట్టగలిగాడు. 2005 ఐపీఓలో షేరు ధర 510 రూపాయలు.

ఆ తర్వాత అంతా వేగమే. 2006లో బెల్జియం గేర్‌బాక్స్ కంపెనీ హాన్సెన్‌ని 46.5 కోట్ల యూరోలకు కొన్నారు. 2007లో ఫ్రాన్స్ కంపెనీ అరేవాతో పోటీపడి జర్మనీకి చెందిన రీపవర్‌ని దక్కించుకున్నారు. చాలావరకు అప్పుతోనే. కానీ మిగతా వాటాదారులు ఉన్నంతకాలం రీపవర్ డబ్బునీ టెక్నాలజీనీ ఇష్టమొచ్చినట్టు వాడుకోవడానికి జర్మన్ చట్టం ఒప్పుకోదు. పూర్తి వాటా చేతికొచ్చేసరికి 2011 అయింది. వడ్డీ మాత్రం అప్పటిదాకా ఆగలేదు.

ఈలోగా 2008లో ఇంకో దెబ్బ. అమెరికాలో పెట్టిన ఎస్88 మరల బ్లేడ్లకు పగుళ్లొచ్చాయి. 1,251 బ్లేడ్లను బలపరచాల్సి వచ్చింది. అదే ఏడాది ప్రపంచ ఆర్థిక సంక్షోభం. చివరికి 2012 అక్టోబరులో దాదాపు 20.9 కోట్ల డాలర్ల బాండ్లు కట్టలేక చేతులెత్తేసింది. అంత కష్టపడి కొన్న రీపవర్‌ని, అప్పటికి పేరు సెన్వియాన్, 2015లో 100 కోట్ల యూరోలకు అమ్మేసింది.

నాకు అప్పు కంటే ఆ పగుళ్లే ముఖ్యం అనిపిస్తాయి. మన కోడ్‌లో బగ్ వస్తే రాత్రికి రాత్రి ప్యాచ్ వేస్తాం, లేదా పాత వెర్షన్‌కి వెనక్కి వెళ్తాం. నలభై మీటర్లు దాటిన బ్లేడ్‌కి ఆ సౌకర్యం లేదు. క్రేన్ రావాలి, మనుషులు రావాలి, మర ఆగిన ప్రతి గంటా నష్టం. పైగా ఇరవై ఏళ్లు తిరగాల్సిన వస్తువులో లోపం రెండో ఏడాదో మూడో ఏడాదో బయటపడుతుంది. అప్పటికే అదే డిజైన్ వందల్లో అమ్ముడైపోయి ఉంటుంది. అప్పుకి గడువు తేదీ ఉంటుంది. నేర్చుకోవడానికి ఉండదు. ఈ రెండింటినీ ఒకే టైమ్‌టేబుల్లో ఇరికిస్తే ఎక్కడో ఒకచోట పగలక తప్పదు.

"తప్పంతా కంపెనీదేనా, ప్రభుత్వాలది లేదా?" అనొచ్చు. ఉంది. 2017లో వేలంపాటలు మొదలై యూనిట్ ధర ఏడాది తిరక్కుండానే 2.43 రూపాయలకు పడిపోయింది. 2019లో మన ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం పాత ఒప్పందాల రేట్లు తగ్గించాలని కూర్చుంది. అదే ఏడాది సుజ్లాన్ మళ్లీ బాండ్లు ఎగ్గొట్టింది. కానీ పాలసీ గాలి అందరి మీదా వీస్తుంది. నెత్తిన అప్పున్నవాడే ముందు పడతాడు.

2020 మార్చిలో షేరు రెండు రూపాయల లోపు. అయినా కంపెనీ చావలేదు, ఎందుకంటే నిలబెట్టిన మరలు తిరుగుతూనే ఉన్నాయి, వాటి సర్వీసింగ్ ఆదాయం వస్తూనే ఉంది. 2022 అక్టోబరు 1న తంతి చనిపోయారు. మరుసటి ఏడాది షేర్లు అమ్మి 2,000 కోట్లు తెచ్చి అప్పులు తీర్చేశారు. అంటే చివరిదాకా నిలబెట్టింది కొన్న కంపెనీలు కాదు, మొదట్లో ఓపిగ్గా కట్టుకున్న పనే.

కాబట్టి మన క్యాంపస్‌లో ఎవరైనా స్టార్టప్ ఐడియా చెప్తూ "ముందు స్కేల్ చేద్దాం" అంటే వెంటనే చప్పట్లు కొట్టకండి. "ఇప్పటిదాకా ఎన్నాళ్లు నడిపి చూశావ్ రా?" అని ఒక్క ప్రశ్న అడగండి.