వరి చేలో ఇల్లు: పది సెంట్ల లెక్క ఎవరికీ పట్టదా?

సాగు భూమిని ఇతర అవసరాలకు మార్చడానికి అనుమతి, రుసుం పెట్టిన నాలా చట్టం రద్దు మీద రెండు రకాల వాదనలు వినీ వినీ విసుగొస్తోంది. సొంత పొలంలో ఇల్లు కట్టుకునే రైతుకు పీడ విరగడైందని ఒకరంటారు. గోదావరి డెల్టా భూములకు ఉన్న ఒక్క రక్షా పోయిందని మరొకరంటారు. రెండూ తప్పే. ఆ చట్టం డెల్టాలోని మండపేట చుట్టుపక్కల వరి చేలను కాపాడడానికి రాసింది కానే కాదు.

2006 నాటి ఆ చట్టంలో ఆరో సెక్షన్ చదవండి. అనుమతి లేకుండా పొలాన్ని మార్చేస్తే, అది మారిపోయినట్టే లెక్క. రుసుముకు తోడు అందులో 50 శాతం జరిమానా వసూలు చేయాలి. పోసిన మట్టి తీయించి మళ్లీ చేను చేయించాలన్న మాట ఆ సెక్షన్‌లో లేదు. ఆర్డీవో అనుమతి తెచ్చుకున్న వెంచర్‌కీ, అడగకుండా మెరక చేసిన వెంచర్‌కీ తేడా ఆ జరిమానాయే. 2025లో ఆంధ్రప్రదేశ్ శాసనసభ ఆ చట్టాన్ని రద్దు చేసింది. దాని స్థానంలో భూమి విలువపై 4 శాతం బాహ్య అభివృద్ధి రుసుం వచ్చింది. డబ్బు కట్టే చోటు మారింది. పొలం ఊసు అప్పుడూ లేదు, ఇప్పుడూ లేదు.

ఈ చర్చలో ఎవరూ ఎత్తని సంఖ్య ఒకటుంది: పది సెంట్లు. కేరళ 2008లో వరి భూములకూ చిత్తడి నేలలకూ పరిరక్షణ చట్టం తెచ్చి, వరి పొలాన్ని మార్చడాన్ని నిషేధించింది. సొంతిల్లు కావాల్సిన భూయజమానికి మాత్రం పంచాయతీలో పది సెంట్లు, పట్టణంలో ఐదు సెంట్లు మినహాయించింది. అదీ ఆ జిల్లాలో అతనికి అనువైన వేరే స్థలం లేకపోతేనే, పక్క చేలకు నష్టం రాకపోతేనే. సిఫారసు చేసే స్థానిక కమిటీలో అధికారులతో పాటు రైతుల ప్రతినిధులూ ఉంటారు. చట్టం మీరితే కనీసం ఆరు నెలల జైలు. పూడ్చిన పొలాన్ని పూర్వస్థితికి తెప్పించే అధికారం కలెక్టరుకుంది.

అక్కడా చిక్కులున్నాయి. భూముల జాబితాలో తప్పులు దొర్లి జనం హైకోర్టు మెట్లెక్కారు. 2018 సవరణ కొన్ని భూములకు రుసుం దారి తెరిచింది. అయినా పది సెంట్ల సూత్రం చెక్కుచెదరలేదు: తలదాచుకునే ఇల్లు వేరు, భూమి వ్యాపారం వేరు.

మన దగ్గర ఆ తేడానే లేదు. సొంత పొలం గట్టున మూడు గదులు వేసుకునే రైతు కొడుకూ, ఇరవై ఎకరాల్లో గ్రావెల్ తోలించే వ్యాపారీ చట్టం కంట్లో ఒకటే. నిజానికి చేలకు ముప్పు ఆ మూడు గదులతో కాదు. డెల్టాలో ఒక చేను మెరకైతే దాని పక్క చేను మునుగుతుంది. లేఅవుట్ రోడ్డు కింద పంట బోదె పూడిపోతే దిగువ కమతాలకు దాళ్వా నీరందదు. సార్వాలో వాన నీరు తుల్యభాగ లాంటి మురుగు కాలవ దాకా చేరక ఊడ్చిన చేను కుళ్లిపోతుంది. 2011లో కోనసీమ రైతులు పంట విరామం ప్రకటించినప్పుడు వారు చెప్పిన కారణాల్లో ముంపూ ఒకటి. అయినా మురుగు దారుల మీద ప్లాట్లు వేయడం ఆపలేదు.

2020లో రాజమహేంద్రవరం పేదల ఇళ్ల స్థలాలకని కోరుకొండ మండలం బూరుగుపూడిలో దాదాపు 600 ఎకరాల ఆవ భూముల్ని ఎంచింది సాక్షాత్తూ ప్రభుత్వమే. వానలకు అవి మునిగాయి. వ్యవహారం హైకోర్టుకెక్కింది. పేదవాడికి ఇల్లు ఇవ్వాల్సిందే, కానీ నీళ్లు నిలిచే ఆవలో కాదు.

పొలం నాది, నా ఇష్టం అనే మాట నేను ఒప్పుకోను. ధవళేశ్వరం ఆనకట్ట, ఆ కాలవలు ప్రజల సొమ్ముతో కట్టినవి. ఎకరం ధర పెరగడానికి మూలమైన నీరు అమ్మేవాడి ఒక్కడిదే కాదు. పది సెంట్లు దాటాక అడిగేది ఇల్లు కాదు, దిగువ రైతు నోటి దగ్గర కూడు.

నాలాను ఎత్తేయడానికి తీరిక దొరికిన శాసనసభకు, డెల్టా ఆయకట్టుకు ఓ రక్షణ చట్టం రాయడానికి దొరకదా? సొంతింటికి పది సెంట్లు రుసుం లేకుండా ఇవ్వండి. ఆపైన ఒక్క సెంటు మెరక చేసినా, చేసినవాడి ఖర్చుతోనే మట్టి తీయించండి. ఈ రెండు వాక్యాలూ బిల్లులో పెట్టే ధైర్యం లేని ఎమ్మెల్యేలు, వచ్చే సార్వాలో మునిగిన చేల గట్ల మీద పరామర్శలకు రావద్దు.