సిగ్గుపడవలసింది ఎవరు?

ద్రౌపదీ వస్త్రాపహరణం మనకు కొత్త కాదు. పద్యనాటకాల్లో, వీధిభాగవతాల్లో, సినిమాల్లో తరతరాలుగా చూస్తున్నాం. ఆమె చేతులెత్తి మొరపెట్టుకుంటుంది, చీర మీద చీర వస్తుంది, మన మనసు కుదుటపడుతుంది. చీర రాకపోతే ఏమవుతుందో మహాశ్వేతాదేవి ‘ద్రౌపది’ కథలో రాశారు. ఆ కథను తన ఒంటితో వేదిక మీద నిలబెట్టిన నటి మణిపూర్‌కు చెందిన హైస్నాం సాబిత్రి.

2000లో ఇంఫాల్‌లో ‘కళాక్షేత్ర మణిపూర్’ ఈ నాటకం ఆడింది. దర్శకుడు ఆమె భర్త కన్హైలాల్. ఆయన నాటకాల్లో మాటలు తక్కువ. నటుల ఊపిరి, నడక, కేక కథ చెబుతాయి. 1975 నాటి ఆయన నాటకం ‘పెబెత్’లో తల్లిపిట్టగా మారింది కూడా సాబిత్రి దేహమే. ‘ద్రౌపది’ నాటికి ఆమెకు యాభై దాటాయి. సైనికుల చేతుల్లో చిత్రహింసకు, అత్యాచారానికి గురైన సంతాల్ స్త్రీ దోప్ది బట్ట కట్టుకోనంటుంది. ఒంటి మీద ఒక్క నూలుపోగైనా లేకుండా అధికారికి ఎదురు నడుస్తుంది. ఆయుధం లేని ఆడమనిషిని చూసి అధికారి బెదిరిపోతాడు.

ఇంఫాల్‌లో దుమారం రేగింది. సంస్కృతిని మంటగలిపారన్నారు. సైన్యానికి ప్రత్యేకాధికారాలిచ్చిన 1958 నాటి చట్టం కింద బతుకుతున్న నేలలో, చాలామందికి కథలోని అత్యాచారం కంటే నటి నగ్నతే పెద్ద నేరంగా కనబడింది.

నాలుగేళ్లకు, 2004 జులైలో, అస్సాం రైఫిల్స్ సిబ్బంది రాత్రివేళ ఇంటి నుంచి పట్టుకెళ్లిన తంగ్జం మనోరమ అనే మహిళ శవమై దొరికింది. అందుకు నిరసనగా జులై 15న పన్నెండుమంది తల్లులు అస్సాం రైఫిల్స్ ఉన్న కాంగ్లా కోట గేటు ముందు నిలబడి బట్టలు విప్పేశారు. అత్యాచారం చేయమని సైన్యాన్నే సవాలు చేసే ఎర్రక్షరాల బ్యానర్ పట్టుకున్నారు. నాటకం చూడబట్టే వాళ్లు ఈ పని చేశారనడం ఆ తల్లుల సొంత తెగువను తక్కువ చేయడమే. కానీ రెండుచోట్లా తర్కం ఒక్కటే: అవమానం చేసినవాడిది, పడినవాళ్లది కాదు. ఆ ఆగస్టులోనే ఇంఫాల్ మున్సిపల్ ప్రాంతంలో ఆ ప్రత్యేకాధికారాల చట్టాన్ని ఎత్తేశారు. నవంబరులో అస్సాం రైఫిల్స్ కాంగ్లాను ఖాళీ చేసింది.

ఆడవాళ్ల ఒంటిని సరుకుగా చూపే సినిమా పోస్టర్ల కింద నుంచి మనం రోజూ నిబ్బరంగా నడిచిపోతాం. అదే ఒళ్లు ప్రశ్న వేస్తే మాత్రం పరువు గుర్తొస్తుంది. బట్టలు విప్పిన ప్రతిదీ కళ అయిపోదు, నిజమే. ఆ తేడా తేల్చాలంటే ముందు ప్రదర్శన చూడాలి. ఆ దేహం ఎవరిని నిలదీస్తున్నదో గమనించాలి. మన రంగస్థల విమర్శ నటి దుస్తులు కొలవడం మానాలి. ఆమె ఎవరిని సిగ్గుపడమంటున్నదో రాయాలి, ఆ వరసలో మనమున్నా సరే.